పరకాయ ప్రవేశం – ప్రహసనం
(కొరియా చలనచిత్రాలలోను, మన చిత్రాలలోను స్త్రీ పురుష పాత్రల మార్పిడి)

ప్రతి సంవత్సరం ఉగాదినాడు పంచాంగ శ్రవణంలో కొత్త సంవత్సరం పేరు వింటాం. ప్రభవ మొదలు అక్షయ వరకు గల ఆ అరవై పేర్ల వెనుక తెలుగునాట ఒక చిత్రమైన కథ ప్రచారంలో ఉన్నది. మాయను జయించానని గర్వించిన నారద మహర్షి ఒకనాడు ఒక కొలనులో మునిగి, స్త్రీగా పైకి లేచాడట. ఒక రాజును పెండ్లాడి, అరవైమంది కుమారులను కని, సంసారంలోని తీపిని, చేదును చవిచూసి, చివరకు మళ్ళీ నారదుడయ్యాడట. ఆ బిడ్డల పేర్లే మన సంవత్సరాల పేర్లని పెద్దలు చెబుతారు. కాకినాడ సమీపంలోని సర్పవరంలో ఈ కథతో ముడిపడిన నారద గుండాన్ని, ముక్తి గుండాన్ని నేటికీ చూపుతారు.

ఇక్కడ ఆలోచించదగిన విషయం ఒకటి ఉన్నది. ముల్లోకాలు తిరిగిన ఋషికి కూడ తెలియని సంగతి ఒకటి మిగిలిపోయింది. అది పక్కింటి ఆడమనిషి బ్రతుకు. దానిని తెలుసుకొనడానికి ఆయన శరీరమే మార్చుకోవలసి వచ్చింది. నేడు కొరియా దేశపు చలనచిత్రాలలో విరివిగా కనిపించే ‘శరీరాల మార్పిడి’ హాస్యకథలకు మూలసూత్రం సరిగా ఇదే. పల్నాటి సీమలో కూర్చుని కొరియా సినిమా గురించి వ్రాయడమేమిటని కొందరు నవ్వవచ్చు. కాని నేడు నరసరావుపేటలోనైనా, మాచర్లలోనైనా, గురజాలలోనైనా చేతి ఫోనులో కొరియా ధారావాహికలు చూడని విద్యార్థినీ విద్యార్థులు తక్కువ. చూసి నవ్వుకున్నదాని వెనుక ఏమున్నదో తెలుసుకొనడం చదువుకున్నవారికి కర్తవ్యం కనుక ఈ చిన్న ప్రయత్నం.

ఊహ పాతది, ఉపయోగం కొత్తది

పరకాయ ప్రవేశం అనే మాట మన కథాసాహిత్యంలో సుపరిచితం. విక్రమార్కుని కథలలో అది ఒక విద్య. శంకరాచార్యుల చరిత్రలో, ఉభయభారతి వేసిన ప్రశ్నలకు సమాధానం చెప్పడానికై సన్యాసియైన ఆచార్యులు మృతుడైన అమరుక మహారాజు దేహంలో ప్రవేశించారని కథ. పదహారవ శతాబ్దంలో పింగళి సూరన వ్రాసిన కళాపూర్ణోదయంలో మాయారంభ, మాయానలకూబరుల రూపాల చిక్కుముడి పాఠకుని ఊపిరాడనీయదు. మహాభారతం అనుశాసనిక పర్వంలో భంగాస్వనుడనే రాజు స్త్రీగా మారి, తిరిగి పురుషుడయ్యే అవకాశం లభించినా వలదని స్త్రీగానే ఉండిపోయిన కథ ఉన్నది.

పాశ్చాత్య దేశాలలో ఈ ఊహ ఆధునిక హాస్యరూపం ధరించింది. 1882లో ఆంగ్ల రచయిత ఎఫ్. ఆన్‌స్టీ ‘వైస్ వర్సా’ అనే నవలలో తండ్రి, కొడుకుల శరీరాలు తారుమారయ్యాయి. 1972లో మేరీ రాడ్జర్స్ వ్రాసిన ‘ఫ్రీకీ ఫ్రైడే’ నవలలో ఒక బాలిక తల్లి శరీరంలో కళ్ళు తెరుస్తుంది. అది 1976లో చలనచిత్రమయింది. భార్యాభర్తల మార్పిడిపై ‘టర్నెబౌట్’ అనే చిత్రం 1940 నాటికే అమెరికాలో వచ్చింది. జపానులో 1982లో వచ్చిన ‘తెన్కోసెయి’ ఒక బాలునికి, బాలికకు జరిగిన మార్పిడి కథ.

మన సమీపంలో పుట్టిన గొప్ప ఉదాహరణ మరొకటి ఉన్నది. 1905లో మద్రాసు నుండి కమలా సత్యనాథన్ సంపాదకత్వంలో వెలువడిన ‘ఇండియన్ లేడీస్ మేగజీన్’ పత్రికలో బేగం రుకయ్యా సఖావత్ హుస్సేన్ ‘సుల్తానాస్ డ్రీమ్’ అనే ఆంగ్ల కథ ప్రచురించారు. ఆ కథలోని స్త్రీరాజ్యంలో పురుషులు ‘మర్దానా’లో ఉండి ఇంటిపనులు చూసుకుంటారు. స్త్రీలు విశ్వవిద్యాలయాలు నడుపుతారు. సూర్యరశ్మిని పట్టి పనికి వాడుకుంటారు. ఆకాశయానం చేస్తారు. ‘జనానా’ను తలక్రిందులు చేసి ‘మర్దానా’ చేయగానే, అంతకు ముందు సహజమని తోచినదంతా వింతగా తోస్తుంది. ఇందులో శరీరాలు మారలేదు, స్థానాలు మారాయి. అయినా ఫలితం ఒక్కటే. అద్దంలో కుడి ఎడమలు మారినప్పుడే మన ముఖాన్ని మనం పరీక్షగా చూసుకుంటాం.

హాస్యం పుట్టే చోటు

ఇటువంటి కథలలో నవ్వు ఎక్కడ నుండి పుడుతుంది? శరీరం ఒకరిది, అలవాటు మరొకరిది కావడం వల్ల. స్త్రీ శరీరంలో ప్రవేశించిన పురుషుడు కాళ్ళు బారచాపి కూర్చుంటాడు. కుచ్చిళ్ళు పోయడం తెలియక చీరలో చిక్కుకుపోతాడు. బజారులో ఎవడో కూత కూస్తే మొదట అది తనకని గ్రహించడు. గ్రహించిన తరువాత చేయి ఎత్తుతాడు. పురుష శరీరంలో ప్రవేశించిన స్త్రీ నలుగురిలో మాట్లాడేముందు అనుమతి కోసం చుట్టూ చూస్తుంది. భోజనానికి పిలిస్తే, అందరూ తిన్నారా అని అడుగుతుంది.

ప్రేక్షకుడు నవ్వుతాడు. ఆ నవ్వులో తనకు తెలియకుండానే ఒక సత్యాన్ని ఒప్పుకుంటాడు. కాళ్ళు దగ్గరగా పెట్టుకొని కూర్చోవడం, చివర భోజనం చేయడం, గొంతు తగ్గించడం శరీరంతోపాటు పుట్టిన గుణాలు కావు. అవి పుట్టుకతో వచ్చినవే అయితే, దేహం మారిన క్షణంలోనే ఆ గుణాలూ రావలసింది. రాలేదు కనుక అవి నేర్చుకున్నవి. అంటే ఎవరో నేర్పినవి. నేర్పినదానిని మార్చి నేర్పవచ్చు. సామాజిక శాస్త్రజ్ఞులు పుటలకొద్దీ చెప్పే ఈ విషయాన్ని ఈ ప్రహసనం రెండు నిమిషాలలో చూపుతుంది.

కొరియా సమాజం, కొరియా సినిమా

కొరియా ఈ కథలకు సారవంతమైన క్షేత్రం కావడానికి చారిత్రక కారణాలున్నాయి. శతాబ్దాల తరబడి ఆ దేశ కుటుంబజీవనాన్ని కన్ఫ్యూషియస్ ధర్మం శాసించింది. స్త్రీ బాల్యంలో తండ్రికి, వివాహానంతరం భర్తకు, భర్త మరణించిన తరువాత కుమారునికి విధేయురాలై ఉండవలెనన్న ‘మూడు విధేయతలు’ ఆ ధర్మంలోనివి. మనుధర్మశాస్త్రంతో పరిచయమున్నవారికి ఈ మాట ఎక్కడో విన్నట్లే తోస్తుంది. అత్తవారింట కోడలు మూడేళ్ళు మూగది, మూడేళ్ళు చెవిటిది, మూడేళ్ళు గ్రుడ్డిది అయి బ్రతకాలని అక్కడి సామెత. మన కోడంట్రికపు కథలకు అది తోబుట్టువు.

ఆ దేశంలో కుటుంబానికి పురుషుడే అధిపతి అని నమోదు చేసే ‘హోజు’ పద్ధతి ఇటీవలి వరకు చట్టంలోనే ఉండేది. తండ్రి గతించిన ఇంట తల్లి ఉండగా, పసివాడైనా సరే, కొడుకే ఇంటి అధిపతిగా నమోదయ్యేవాడు. 2005లో అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం ఆ పద్ధతి రాజ్యాంగానికి విరుద్ధమని తీర్పు చెప్పింది. 2008 జనవరి 1 నుండి అది రద్దయింది. మన దేశంలో ఉమ్మడి హిందూ కుటుంబపు ఆస్తిలో కుమార్తెకు కుమారునితో సమానంగా జన్మహక్కు కల్పించిన కేంద్ర చట్టసవరణ కూడ 2005లోనే రావడం గమనార్హం. ఆంధ్రప్రదేశ్ శాసనసభ 1986లోనే, దేశంలో అందరికంటె ముందుగా, ఇటువంటి సవరణకు ఒడిగట్టింది. చట్టం ముందు నడిచింది. ఇల్లు దానిని అందుకొనడానికి ఆయాసపడుతున్నది. ఈ రెంటి నడుమ ఏర్పడిన ఎడంలోనే ఈ హాస్యచిత్రాలు నిలబడి ఉన్నాయి.

2010 చివరలో ప్రసారం మొదలైన ‘సీక్రెట్ గార్డెన్’ అనే ధారావాహికలో ఒక ధనిక వాణిజ్యవేత్తకు, చిత్రాలలో సాహసకృత్యాలు చేసి పొట్టపోసుకునే ఒక యువతికి మధ్య ఆత్మల మార్పిడి జరుగుతుంది. ఇక్కడ స్త్రీ పురుష భేదంతోపాటు పేద ధనిక భేదమూ తారుమారవుతుంది. 2017లో వచ్చిన ‘డాడీ యూ, డాటర్ మీ’ చిత్రంలో సౌందర్య సాధనాల సంస్థలో పనిచేసే మధ్యవయస్కుడైన తండ్రి, ఉన్నత పాఠశాలలో చదివే కూతురు ఒకరి శరీరంలో ఒకరు చిక్కుకుంటారు. తండ్రి ఉద్యోగంలో దిగమ్రింగే అవమానాలు కూతురికి, కూతురు పెదవి విప్పి చెప్పని కష్టాలు తండ్రికి అప్పుడు తెలుస్తాయి. 2015 నాటి ‘ది బ్యూటీ ఇన్‌సైడ్’లో కథానాయకుడు ప్రతి ఉదయం ఒక కొత్త దేహంతో నిద్రలేస్తాడు. ఒకనాడు యువకుడు, ఒకనాడు స్త్రీ, ఒకనాడు వృద్ధుడు, ఒకనాడు బాలుడు. ఆ ఒక్క పాత్రను ఇరవైమందికి పైగా నటీనటులు ధరించారు. ప్రేమించేది మనిషినా, మనిషి తొడుక్కున్న రూపాన్నా అనేది ఆ చిత్రం వేసే ప్రశ్న. 2020 డిసెంబరులో మొదలైన ‘మిస్టర్ క్వీన్’ ధారావాహికలో నేటి కాలపు వంటవాడొకడు జోసన్ రాజవంశపు రాణి దేహంలో మేల్కొని, అంతఃపుర మర్యాదలతో కుస్తీ పడతాడు.

అవ్వ యువతి అయిన కథ

వీటన్నిటిలో మన తెలుగువారికి మిక్కిలి సన్నిహితమైనది ‘మిస్ గ్రానీ’. హ్వాంగ్ డాంగ్ హ్యూక్ దర్శకత్వంలో 2014 జనవరిలో విడుదలైంది. ఈయనే తరువాత 2021లో ‘స్క్విడ్ గేమ్’తో జగద్విఖ్యాతుడయ్యాడు. సుమారు అయిదు కోట్ల జనాభా గల దేశంలో ‘మిస్ గ్రానీ’కి ఎనభై ఆరు లక్షలకు పైగా టిక్కెట్లు అమ్ముడయ్యాయి. చైనా, వియత్నాం, జపాన్, థాయిలాండ్, ఇండొనేషియా, ఫిలిప్పీన్స్ దేశాలు దానిని తమ తమ భాషలలో మళ్ళీ తీసుకున్నాయి. తెలుగులో బి.వి. నందినీరెడ్డి దర్శకత్వంలో ‘ఓ బేబీ’ అనే పేరుతో 2019 జూలై 5న అది విడుదలైంది. వృద్ధురాలిగా లక్ష్మి, యువతిగా సమంత నటించారు.

కథ సంగ్రహంగా ఇది. డెబ్బై ఏళ్ళు దాటిన ఒక వితంతువు కొడుకును కష్టపడి పెంచి పెద్దచేసింది. ఆమె మాట కరకు. ఆ నోటికి తాళలేక కోడలు ఆసుపత్రి పాలవుతుంది. ముసలమ్మను వేరుగా ఉంచుదామా అన్న ఆలోచన ఇంట్లో తలెత్తుతుంది. అది విన్న ఆమె మనసు విరిగి బయలుదేరి, ఒక ఫోటో స్టూడియోలో అడుగుపెడుతుంది. బయటికి వచ్చేసరికి ఇరవై పైచిలుకు యువతి. తన మనుమని వాద్యబృందంలోనే గాయనిగా చేరి, ఎన్నడో చంపుకున్న కోరికను తీర్చుకుంటుంది. చివరకు మనుమడు ప్రమాదానికి గురై రక్తం అవసరమవుతుంది. రక్తం ఇస్తే ఆ యౌవనం పోతుంది. ఆమె ఇస్తుంది.

ఇది స్త్రీ పురుషుల మార్పిడి కాదు, వయసుల మార్పిడి. అయినా స్త్రీ ధర్మాన్ని గురించి ఇంత సూటిగా మాట్లాడిన హాస్యచిత్రం అరుదు. యువతి రూపంలో ఉండి అవ్వలాగ నడుము పట్టుకొని లేవడం, కుర్రవాళ్ళను నాయనా అని గదమాయించడం మనలను నవ్విస్తాయి. కాని ఆ నవ్వులోనే ఒక విషయం బయటపడుతుంది. ఆ మాటలే వృద్ధురాలు అంటే విసుగు, సుందరి అంటే ముచ్చట. పలికిన మనిషి ఒక్కరే, పలికిన మాట ఒక్కటే. మారినది చర్మం మాత్రమే. స్త్రీకి సమాజం ఇచ్చే వినికిడి ఆమె మాటకా, ముఖానికా?

పతాక సన్నివేశం హృదయవిదారకం. కొడుకు ఆ యువతిని తన తల్లిగా గుర్తిస్తాడు. రక్తం ఇవ్వవద్దనీ, వెళ్ళిపోయి ఈసారైనా తన బ్రతుకు తాను బ్రతకమనీ వేడుకుంటాడు. ఎన్ని జన్మలెత్తినా ఈ కష్టాన్నే కోరుకుంటాను, అప్పుడే కదా నీకు తల్లిని కాగలను అన్నది ఆమె సమాధానపు సారం. కొరియా చిత్రంలో ఆ కొడుకు వృద్ధుల సమస్యలపై బోధించే ఆచార్యుడు. వార్ధక్యం గురించి తరగతిలో చెప్పగలిగినవాడు, తన ఇంటి వార్ధక్యాన్ని ఎరుగడు.

ఈ చిత్రాన్ని మా అమ్మమ్మ మాచర్ల సమీపంలోని మా పల్లెలో, దూరదర్శిని ముందు పీట వేసుకొని చూసింది. మొదటి సగమంతా కడుపు పట్టుకొని నవ్వింది. అయిన తరువాత చాలాసేపు మాట్లాడలేదు. నేను కళ్ళు తుడుచుకుంటూ, తల్లి ప్రేమ ఎంత గొప్పదో చూశావా అన్నాను. ఆమె నా వంక చూసి, “గొప్పదేలే. రెండోసారి వయసొచ్చినా ఆ మనిషే ఇచ్చింది. అడిగినోళ్ళు ఒక్కసారన్నా ఆమెకేమన్నా ఇచ్చారా అని చూస్తన్నా” అన్నది. ఆ చిత్రం మీద ఇంతకంటె తూకమైన విమర్శ నేను మరొకటి వినలేదు. త్యాగాన్ని పొగడడం సులభం. ఆ త్యాగం ఎప్పుడూ ఒకే వైపు నుండి ఎందుకు జరుగుతున్నదని అడగడం కష్టం.

జంబలకిడిపంబ

మన చిత్రసీమలో ఈ జాతికి చెందిన చిత్రం లేకపోలేదు. 1990ల తొలినాళ్ళలో ఇ.వి.వి. సత్యనారాయణ దర్శకత్వంలో, నరేష్, ఆమని ప్రధాన పాత్రధారులుగా వచ్చిన ‘జంబలకిడిపంబ’ తెలుగువారికి ఒక నానుడిగానే స్థిరపడింది. ఇల్లు తలక్రిందులైతే ‘జంబలకిడిపంబ అయింది’ అంటున్నాం. మన పల్నాటి బిడ్డ బ్రహ్మానందం కూడ నటించిన ఆ చిత్రంలో ఒక మందు ప్రభావంతో మగవారికి ఆడవారి నడవడి, ఆడవారికి మగవారి నడవడి సంక్రమిస్తాయి. మగవారు వంటింట్లోను, ఆడవారు వీధులలోను కనిపిస్తారు. నవ్వుల వెనుక ఆ చిత్రం తెలియకుండానే ఒక పట్టిక తయారుచేసింది. ‘మగతనం’ అంటే ఏయే పనులు, ‘ఆడతనం’ అంటే ఏయే పనులు అని మన సమాజం అప్పుడు భావించినదో ఆ పట్టిక చెబుతుంది. భవిష్యత్తు పరిశోధకునికి అది శాసనం వంటి ఆధారం.

అదే పేరుతో 2018లో శ్రీనివాసరెడ్డి, సిద్ధి ఇద్నాని నటించిన మరొక చిత్రం వచ్చింది. విడాకులకు సిద్ధపడిన దంపతుల దేహాలు ఇందులో తారుమారవుతాయి. పాత చిత్రంలో ఊరంతా మారితే, కొత్త చిత్రంలో ఒక పడకగది మారింది. పాతికేళ్ళలో ప్రశ్న వీధి నుండి ఇంటిలోపలికి వచ్చిందనడానికి ఇదొక గుర్తు.

రంగస్థలం నేర్పిన పాఠం

సినిమా కంటె ముందు మన రంగస్థలం మీద ఈ మార్పిడి మంత్రం లేకుండానే జరిగింది. బాపట్లలో 1902లో జన్మించిన స్థానం నరసింహారావు గారు సత్యభామగా, చింతామణిగా, రోషనారగా నటించి తెలుగునాటను ఉర్రూతలూగించారు. 1956లో పద్మశ్రీ పొందారు. కూచిపూడిలో వేదాంతం సత్యనారాయణశర్మ గారి సత్యభామ జగత్ప్రసిద్ధం. 1970లో ఆయనకూ పద్మశ్రీ లభించింది. ఉర్దూ సాహిత్యంలోను ఇటువంటి సంప్రదాయం ఉన్నది. పదిహేడవ శతాబ్దంలో బీజాపూరుకు చెందిన దక్కనీ కవి హాష్మీ స్త్రీ గొంతుకతో గజళ్ళు చెప్పాడు. తరువాత లక్నోలో రంగీన్, ఇన్షా మొదలగువారు దానిని ‘రేఖ్తీ’ అనే ప్రక్రియగా ప్రసిద్ధికి తెచ్చారు. జాన్ సాహెబ్ అనే కవి ఓఢనీ కప్పుకొని ముషాయిరాలలో రేఖ్తీ చదివేవాడని చెబుతారు.

ఈ కళాకారుల ప్రతిభకు నమస్కరించవలసిందే. వారి నటన ‘ఆడతనం’ అనేది అభ్యసించదగిన విద్య అని నిరూపించింది. పురుషుడు అంత చక్కగా అభినయించగలిగిన దానిని స్త్రీకి జన్మతః సిద్ధించిన స్వభావమని ఎలా అనగలం? అయితే నాణేనికి రెండవ వైపు ఉన్నది. రంగం మీద స్త్రీ మాట వినిపించింది గాని, చాలాకాలం స్త్రీ కనిపించలేదు. ఆమె సొగసును, అలుకను, వియోగాన్ని పురుషుడే వ్రాసి, పురుషుడే ధరించి, ఎక్కువగా పురుషులే చూశారు. పరకాయ ప్రవేశం చేసినవాడు ఆ ఇంటి యజమానురాలికి ఇంట చోటు లేకుండా చేయడమూ సంభవమే.

చీరకు నవ్వు, తలపాగాకు భయం

ఈ చిత్రాలను వరుసగా చూస్తే ఒక అసమానత స్పష్టమవుతుంది. పురుషుడు చీర కడితే హాలంతా నవ్వుతుంది. నరేష్ ‘చిత్రం భళారే విచిత్రం’లోను, రాజేంద్రప్రసాద్ ‘మేడమ్’లోను స్త్రీ వేషంతోనే ప్రజలను నవ్వించారు. కాని స్త్రీ పురుషుని స్థానం తీసుకుంటే నవ్వు రాదు. మెచ్చుకోలు రావచ్చు, లేదా భయం రావచ్చు. కారణం సులభం. మెట్టు దిగినవాడు నవ్వు పుట్టిస్తాడు. మెట్టు ఎక్కినవారు బెదురు పుట్టిస్తారు. అంటే చీర కట్టడం దిగడమని మనం ముందే ఒప్పుకున్నామన్నమాట.

దీనికి మన పల్నాటి చరిత్ర కంటె మంచి ఉదాహరణ లేదు. పన్నెండవ శతాబ్దంలో గురజాల ప్రభువు నలగామరాజుకు మంత్రిణిగా రాజ్యం నడిపిన నాయకురాలు నాగమ్మ, మాచర్ల పక్షాన నిలిచిన బ్రహ్మనాయుడు ఎదురెదురుగా ఎత్తులు వేశారు. కోడిపందెం, వనవాసం, కారెంపూడి రణం మనకందరికీ తెలిసినవే. బ్రహ్మనాయుని ఎత్తును రాజనీతి అన్నారు. నాగమ్మ ఎత్తును కుట్ర అన్నారు. 1947 నాటి ‘పల్నాటి యుద్ధం’ చిత్రంలో కన్నాంబ, 1966 నాటి చిత్రంలో భానుమతి వంటి మహానటీమణులు నాగమ్మ పాత్రకు ప్రాణం పోశారు గనుకనే, ఆమెలోని ధీశక్తిని కొంతైనా ప్రేక్షకులు దర్శించగలిగారు. పురుషుని ఆసనంలో కూర్చున్న ఆ స్త్రీ నేటికీ మన ఊళ్ళలో తిట్టుపదంగా వాడబడడం మనం సిగ్గుపడవలసిన విషయం. ఆమెను సమర్థించాలని నా ఉద్దేశం కాదు. ఒకే పనికి రెండు తూకపురాళ్ళు వాడుతున్నామని మాత్రమే నా మనవి.

మంత్రం దిగిన తరువాత

ఈ చిత్రాలకు ఒక బలహీనత ఉన్నది. దాదాపు అన్నిటిలోను చివరకు ఎవరి దేహం వారికి తిరిగి వస్తుంది. సుల్తానా కల నుండి మేల్కొంటుంది. అవ్వ మళ్ళీ అవ్వ అవుతుంది. దంపతులు రాజీపడతారు. ఒకరి కష్టం ఒకరికి తెలిసినందున అంతా సుఖాంతమని తెర పడుతుంది. కాని మరునాడు ఉదయం పొయ్యి ఎవరు వెలిగించారో తెర మీద చూపరు. తెలుసుకొనడం వేరు, పంచుకొనడం వేరు.

లెక్కలు కూడ ఈ మాటనే చెబుతున్నాయి. భారత ప్రభుత్వం 2019లో జరిపించిన కాలవినియోగ సర్వే ప్రకారం, ఇంటివారి కోసం జీతం లేని గృహకృత్యాలలో పాల్గొన్న స్త్రీలు రోజుకు సగటున 299 నిమిషాలు వెచ్చించగా, అటువంటి పనులలో పాల్గొన్న పురుషులు వెచ్చించినది 97 నిమిషాలు. ‘ఓ బేబీ’ చూసి మనమంతా కన్నీరు పెట్టుకున్నది ఆ సంవత్సరమే. 2024 సర్వేలో స్త్రీల సమయం 289 నిమిషాలకు, పురుషుల సమయం 88 నిమిషాలకు వచ్చింది. కన్నీరు కార్చిన అయిదేళ్ళలో మగవాని వాటా పెరగకపోగా తొమ్మిది నిమిషాలు తగ్గింది! కొరియా పరిస్థితీ సంతృప్తికరం కాదు. ధనిక దేశాల ఆర్థిక సహకార సంస్థ సభ్యదేశాలలో స్త్రీ పురుషుల వేతనాల మధ్య ఎడం మిక్కిలి ఎక్కువగా ఉన్న దేశంగా అది చాలాకాలంగా పేరుబడింది. ప్రజలను నవ్వించగలిగిన సినిమా, వారి దినచర్యను మార్చలేకపోయింది.

అందుచేత ఈ చిత్రాలు నిరుపయోగమని భావించరాదు. అవి ప్రశ్నను మన చేతిలో పెట్టాయి. సమాధానం వ్రాయవలసినది మనం. దానికి కొలనులో మునగనవసరం లేదు, ఫోటో స్టూడియో మంత్రమూ అవసరం లేదు. మిరప కోతలకు తెల్లవారకముందే బయలుదేరే తల్లి, కోత నుండి వచ్చి మళ్ళీ పొయ్యి ముందు కూర్చునే తల్లి మన పల్నాటిలో ఇంటింటా ఉన్నది. ఆమె పని నొక దినం మన భుజానికి ఎత్తుకుంటే, నారదుడు అరవైమంది బిడ్డలను కని నేర్చుకున్నదానిలో కొంతైనా మనకు బోధపడుతుంది.

మా అమ్మమ్మ మాటతో నాకు వచ్చిన కనువిప్పు కూడ అటువంటిదే. ఆ మరునాటి నుండి ఆమె భోజనం చేసే వరకు నేను కంచం ముందు కూర్చోరాదని నియమం పెట్టుకున్నాను. మొదటి నాడు ఆమె కోపగించింది. రెండవ నాడు నవ్వింది. మూడవ నాడు తన కంచం తానే తెచ్చుకొని నా ఎదుట కూర్చున్నది. డెబ్బై ఏళ్ళలో ఇంట్లో అందరితోపాటు వేడి అన్నం తినడం అదే మొదటిసారి అని ఆమె చెప్పలేదు. నేను అడిగితే గాని తెలియలేదు.